సీటీ స్కాన్‌కి పోయే ముందు: మా నాయన 'రోకో' అంటే లేచి కూర్చున్న కథ

"మా అమ్మకి డాక్టర్ సీటీ స్కాన్ రాశారు. రేడియేషన్ అంటే భయంగా ఉంది. ముందుగా ఏమేం తెలుసుకోవాలి?" అని అడిగారు. రేడియేషన్ గురించి చివర్లో చెప్తాను. నన్నడిగితే అది వరసలో ఆరో భయమో ఏడో భయమో. దానికంటే ముందు నిలబడేవి చాలా ఉన్నాయి.

మాది మునుగోడు దిక్కు పల్లె. రెండేళ్ల కింద మా నాయనకు కడుపునొప్పి లేచింది. ఊళ్లో ఆర్‌ఎంపీ గ్యాస్ అని చెప్పి నాలుగు రోజులు గోలీలు మింగించాడు. తగ్గకపోతే నల్లగొండ తీసుకొచ్చాను. అల్ట్రాసౌండ్‌లో పేగుల గ్యాస్ అడ్డమొచ్చి క్లోమం సరిగా కనపడలేదట. డాక్టర్ కాంట్రాస్ట్ సీటీ రాశాడు.

స్కానింగ్ సెంటర్ కౌంటర్‌లో మొదటి ప్రశ్న: "క్రియాటినిన్ రిపోర్ట్ ఉందా?" లేదు. తీయించుకుని రమ్మన్నారు. నాకు తిక్క రేగింది. ఇంకో టెస్టు పేరు చెప్పి గుంజుతున్నారని గొడవ పెట్టుకున్నాను. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తుంది. కాంట్రాస్ట్ అంటే నరంలోకి ఎక్కించే అయోడిన్ మందు. అది ఒంట్లోంచి బయటికి పోయేది కిడ్నీల గుండానే. కిడ్నీలు ఎట్లున్నాయో ఈ క్రియాటినిన్ రక్తపరీక్షలో చూడకుండా మామూలుగా ఎక్కించరు. ఈ మాట డాక్టర్ దగ్గర్నే ఎవరైనా చెప్పి ఉంటే, ముసలాయన్ని పరగడుపున ఇంకో రెండు గంటలు కుర్చీలో కూర్చోబెట్టే పని ఉండకపోను.

తర్వాత ఫారం నింపుతూ "షుగర్ ఉందా పెద్దాయనా?" అని అడిగింది సిస్టర్. మా నాయన ఠక్కున "లేదు" అన్నాడు. నేను బిత్తరపోయాను. ఎనిమిదేళ్ల నుంచి మెట్‌ఫార్మిన్ వేసుకుంటున్న మనిషి! "ఏంది నాయనా, ఉంది గదా?" అంటే, "గోలీ ఏసుకుంటున్న గదరా, ఇంకేడిది షుగరు?" అన్నాడు. మన ఊళ్లలో సగం మంది లెక్క ఇదే. కిడ్నీలు బాగా దెబ్బతిన్నవాళ్లకు కాంట్రాస్ట్ ఇస్తే ఈ గోలీని 48 గంటలు ఆపించి, మళ్లీ క్రియాటినిన్ చూశాకే మొదలుపెట్టిస్తారు. కిడ్నీలు బాగున్నవాళ్లకు మామూలుగా ఆపే పని ఉండదు. ఏదైనా ఆ నిర్ణయం వాళ్లది, గోలీల పట్టీ దాచకుండా చూపించడం మన పని. ఇదివరకు ఇలాంటి సూదికి దద్దుర్లు వచ్చినా, ఆయాసం వచ్చినా అది మొదటే చెప్పాలి. రొయ్యలు పడవు కాబట్టి కాంట్రాస్ట్ కూడా పడదని కొందరు చెప్తారు. ఆ రెండింటికీ సంబంధం లేదు.

అసలు కథ లోపల జరిగింది. మా దిక్కు ఫ్లోరైడ్ నీళ్లు తాగి ముసలైన తరం సంగతి తెలిసిందే కదా. మిషన్ భగీరథ నల్లా నీళ్లు వచ్చాయి గానీ, గట్టిపడిన ఎముకలు మెత్తబడవు. మా నాయన మెడ, నడుము కర్రలాగా ఉంటాయి. పొట్ట సీటీకి చేతులు తల పైకి చాపి పడుకోవాలి, లేకపోతే చేతి ఎముకల నీడ బొమ్మలో గీతలుగా పడుతుంది. మా నాయన చేతులు చెవుల దాకా కూడా లేవవు. టెక్నీషియన్ కుర్రాడు మంచివాడు. దుప్పట్లు మడతపెట్టి మెడ కింద, మోకాళ్ల కింద పెట్టి, చేతులు లేచినంతవరకే సర్దాడు. మీ ఇంట్లో ఇలాంటి పెద్దవాళ్లుంటే బల్ల ఎక్కకముందే చెప్పండి.

కుర్రాడు అద్దం వెనక్కి వచ్చాడు. మిషన్‌లోంచి హిందీలో రికార్డు చేసిన గొంతు: "సాంస్ అందర్ లో... రోకో." ఊపిరి పీల్చి ఆపమని. మా నాయనకు తెలిసిన రోకో ఒక్కటే, రాస్తారోకో. తెలంగాణ ఉద్యమంలో హైవే మీద కూర్చున్న మనిషి. ఏదో ఆపమంటున్నారనుకుని లేవబోయాడు. కుర్రాడు మైకులో "తాతా, లేవకు, లేవకు!" అని ఒకటే అరుపు. ఊపిరి కదిలినా, మనిషి కదిలినా బొమ్మ మసకబారుతుంది. మళ్లీ మొదటికొచ్చింది.

కోట్ల రూపాయల మిషన్ పెట్టి, నల్లగొండలో "గాలి పీల్చు, బిగబట్టు, ఇడువు" అని మూడు తెలుగు ముక్కలు రికార్డు చేసి పెట్టలేరా? రేడియేషన్ మీద వంద ప్రశ్నలు అడుగుతారు, ఈ సంగతి ఒక్కరూ అడగరు.

ఆ తర్వాత మందు ఎక్కించారు. అది పోగానే గొంతు నుంచి కిందిదాకా వేడి పాకుతుంది, నోట్లో ఇనుము రుచి వస్తుంది, ఒంటేలు పోసుకున్నట్టే అనిపిస్తుంది. నిమిషంలో పోతుంది. ఇది ఆయనకు ఎవరూ చెప్పలేదు, నాకూ తెలియదు. స్కాన్ అయిపోయినా మా నాయన బల్ల దిగడు. కళ్లు మూసుకుని పడుకున్నాడు. నేను దగ్గరికి పోతే చెవిలో, "తువ్వాల తే బిడ్డా, అంతా తడిపిన" అన్నాడు. చూస్తే బట్ట పొడిగానే ఉంది. డెబ్బై ఏళ్ల మనిషి కళ్లల్లో నీళ్లు.

మీ అమ్మగారికి ఈ ఒక్క ముక్క మాత్రం ముందే చెప్పండి. అలాగే డాక్టర్‌ని ప్లెయినా (ఈ మందు లేకుండా తీసేది), కాంట్రాస్టా అని అడగండి. ఖాళీ కడుపు గొడవ చాలావరకు కాంట్రాస్ట్‌కే. కిడ్నీలో రాళ్లకు ప్లెయిన్ సరిపోతుంది. బండి మీంచి పడి తలకు దెబ్బ తగిలినా, మూతి వంకరపోయి చెయ్యి పడిపోయినా తిన్నాడా తినలేదా అని ఆలోచించకుండా పరుగెత్తడమే. కాంట్రాస్ట్ అయితే అయ్యాక ఓ అరగంట అక్కడే కూర్చోండి, దురదగానీ ఆయాసంగానీ వస్తే అక్కడే చూస్తారు. నీళ్లు తాగకూడదని డాక్టర్ చెప్పి ఉండకపోతే బాగా తాగించాలి.

నగలు ఇంట్లో పెట్టి రండి. కరోనాలో మా అమ్మ ఛాతీ స్కాన్‌కి పుస్తెలతాడు తీయనంటే తీయనంది. చివరికి పసుపు కొమ్ము కట్టిన దారం మెడలో వేసుకున్నాకే తీసింది. అప్పుడు చూడాలి జనాన్ని, ఊపిరితిత్తులు ఎంత దెబ్బతిన్నాయో చెప్పే స్కోరు 25కి ఎంత వచ్చిందని పదో తరగతి మార్కుల్లాగా ఫోన్లు చేసుకున్నారు. కొంచెం దగ్గు వస్తే స్కాన్. ఒక సీటీ 300, 400 ఛాతీ ఎక్స్‌రేలతో సమానమని 2021 మేలో అప్పటి ఎయిమ్స్ డైరెక్టర్ గులేరియా అంటే, అది పాతకాలం లెక్క అని రేడియాలజిస్టుల సంఘం అభ్యంతరం చెప్పింది.

నేను నమ్మే లెక్క ఇది: ఊరికే భూమ్మీద బతికినందుకే ఏడాదికి సగటున 2.4 మిల్లీసీవర్టుల (రేడియేషన్‌ని కొలిచే లెక్క) రేడియేషన్ మన మీద పడుతుంది. తల సీటీకి సుమారు 2, పొట్టకు ఓ 8 నుంచి 10. అవసరమై తీసేదానికి ఇది పెద్ద లెక్క కాదు, ఊరికే తీయించుకునేదానికి దండగ. గర్భం ఉన్నా, అనుమానం ఉన్నా మాత్రం మొదటే చెప్పాలి.

మా నాయనకు క్లోమం వాపే, మందులతో తగ్గింది. ఎముకలు మామూలు కంటే తెల్లగా ఉన్నాయని కూడా రిపోర్ట్‌లో రాశారు, అది మాకు తెలిసిన ముచ్చటే. ఫిల్ములతో పాటు సీడీ కూడా అడిగి తీసుకోండి, రేపు హైదరాబాద్ పోతే ఫిల్ము ఫోటో వాట్సాప్‌లో చూపిస్తే పనికి రాదు. నేనట్లనే సీడీ పట్టుకుని పోతే అక్కడి డాక్టర్ తన ల్యాప్‌టాప్ తిప్పి చూపించాడు, దానికి సీడీ పెట్టే చోటే లేదు. ఇప్పుడు పెన్‌డ్రైవ్ ఇమ్మని అడుగుతున్నాను.