మొదటి ప్రపంచకప్ గెలిచింది గని కార్మికులేనా? వెస్ట్ ఆక్లండ్ క్లబ్బు గురించి

1930లో ఉరుగ్వేలో జరిగిన పోటీకి ముందే, 1909లో ఇంగ్లండ్‌లోని ఒక పల్లె జట్టు ఫుట్‌బాల్ ప్రపంచకప్ గెలిచిందంటారు, అది నిజమేనా, ఆ క్లబ్బు ఇప్పటికీ ఉందా అని అడిగారు. కప్పు గెలిచిన మాట నిజం. క్లబ్బు ఇప్పటికీ ఆడుతోంది. దాన్ని ప్రపంచకప్ అనవచ్చా అన్న దగ్గరే కొంచెం వివరంగా చెప్పాలి.

ఆ క్లబ్బు వెస్ట్ ఆక్లండ్ టౌన్. ఇంగ్లండ్ ఈశాన్యాన డరమ్ కౌంటీలో, బిషప్ ఆక్లండ్ పట్టణం పక్కనే ఉంటుంది ఆ ఊరు. నేను డార్లింగ్టన్‌లో నర్సుగా పనిచేసిన రోజుల్లో, డ్యూటీ లేని శనివారాలు వాళ్ల ఆట చూడడానికి వెళ్లేదాన్ని. పుట్టి పెరిగింది గోదావరిఖనిలో. మా నాన్న సింగరేణిలో భూగర్భ గని కార్మికుడు. వెస్ట్ ఆక్లండ్ కూడా బొగ్గు మీద బతికిన ఊరని తెలిశాక ఆ క్లబ్బు మీద అభిమానం ఇంకా పెరిగింది.

ఇక 1909 సంగతి. టీ పొడి ప్యాకెట్ల మీద కనిపించే లిప్టన్ పేరు సర్ థామస్ లిప్టన్‌ది. గ్లాస్గోలో కిరాణా కొట్టుతో మొదలుపెట్టి సిలోన్ తేయాకు తోటల దాకా ఎదిగిన వ్యాపారి ఆయన. ఇటలీలోని ట్యూరిన్‌లో జరిగే అంతర్జాతీయ పోటీకి ఆయన ఒక వెండి కప్పు ఇచ్చాడు. ఇటలీ, జర్మనీ, స్విట్జర్లాండ్‌ల నుంచి పేరున్న జట్లు వచ్చాయి. ఇంగ్లండ్ ఫుట్‌బాల్ సంఘం మాత్రం జట్టును పంపడానికి ఒప్పుకోలేదు. ఆ ఖాళీలోకి పిలుపు అందుకున్నది వెస్ట్ ఆక్లండ్. అసలు పిలవాలనుకున్నది వూల్విచ్ ఆర్సెనల్‌ను (ఈనాటి ఆర్సెనల్ క్లబ్బు) అనీ, ఇంగ్లీషులో రెండు పేర్లకూ ముందు అక్షరాలు W, A ఒకటే కావడంతో ఉత్తరం దారి తప్పిందనీ ఒక కథ ప్రచారంలో ఉంది. వినడానికి బాగుంటుంది గానీ నేను నమ్మను. పైగా ఆ కథ ఈ ఆటగాళ్ల గెలుపును అదృష్టం ఖాతాలో వేస్తుంది. పిలుపు ఎలా వచ్చినా మైదానంలో పరుగెత్తింది వాళ్లే కదా.

వాళ్లలో ఎక్కువ మంది బొగ్గు గనుల్లో పనిచేసేవాళ్లు. ట్యూరిన్ వెళ్లి రావాలంటే రైళ్లు, ఓడ మారాలి. అన్ని రోజులూ కూలి పోతుంది, ఖర్చూ చేతి నుంచే. మస్టరు పడని రోజు ఇంట్లో ఎలా ఉంటుందో మా కాలనీలో పెరిగిన ఎవరికీ చెప్పనక్కర లేదు. అయినా వెళ్లారు. సెమీఫైనల్లో జర్మనీ జట్టు స్టుట్‌గార్టర్ స్పోర్ట్‌ఫ్రూండేను 2-0తో ఓడించారు. ఏప్రిల్ 12న ఫైనల్లో స్విస్ జట్టు వింటర్‌టూర్‌ను కూడా అదే తేడాతో ఓడించి కప్పు పట్టుకున్నారు. 1911లో దాన్ని నిలబెట్టుకోవడానికి మళ్లీ వెళ్లారు. ఈసారి సెమీఫైనల్లో జ్యూరిక్ మీద 2-0. ఫైనల్లో ఎదురైనది ట్యూరిన్ సొంత క్లబ్బు యువెంటస్. స్కోరు 6-1, గెలిచింది వెస్ట్ ఆక్లండ్! వరుసగా రెండుసార్లు గెలిచారు కాబట్టి కప్పు శాశ్వతంగా వాళ్లదైపోయింది.

ప్రపంచకప్ అన్న మాట దగ్గరకు వస్తే, ఇది దేశాల జట్ల పోటీ కాదు, నాలుగు జట్లు ఆడిన క్లబ్బుల పోటీ. దేశాల పేరుతో ఆడిన జట్లు కావాలంటే 1908 లండన్ ఒలింపిక్స్‌లోనే ఉన్నాయి. అందుకే ‘తొలి ప్రపంచకప్’ అన్న బిరుదును నేను పట్టించుకోను. వాళ్లు చేసింది ఆ బిరుదు లేకపోయినా గొప్పదే.

గెలిచి వచ్చాక జరిగింది వింటే మనసు చివుక్కుమంటుంది. ప్రయాణాల అప్పు క్లబ్బు మెడకు చుట్టుకుంది. తమ స్థావరంగా వాడుకునే వీట్‌షీఫ్ హోటల్ యజమానురాలి దగ్గర ఆ వెండి కప్పును 40 పౌండ్లకు తాకట్టు పెట్టారు. సుమారు యాభై ఏళ్లు అది వేరేవాళ్ల ఇంట్లోనే ఉండిపోయింది. 1960లో 100 పౌండ్లు చెల్లించి క్లబ్బు దాన్ని తిరిగి తెచ్చుకుంది. ఊళ్లోని కార్మికుల క్లబ్బులో అందరికీ కనిపించేలా పెట్టారు. 1994 జనవరిలో దొంగలు ఎత్తుకుపోయారు. ఈనాటికీ దొరకలేదు. డరమ్ బొగ్గు క్షేత్రంలో చివరి భూగర్భ గని మంక్‌వేర్‌మౌత్ మూతపడింది 1993 డిసెంబరులో. అంటే గని పోయిన మరుసటి నెలే కప్పూ పోయింది. ఇప్పుడున్నది దాని నమూనా.

తర్వాతి చరిత్రలో ట్యూరిన్ అంతటి ఘట్టాలు లేవు గానీ, తీసిపారేసేదీ కాదు. 1961లో, జీతం లేకుండా ఆడే జట్ల పోటీ అయిన అమెచ్యూర్ కప్ ఫైనల్ చేరి వాల్తమ్‌స్టో అవెన్యూ చేతిలో 2-1తో ఓడిపోయారు. చిన్న క్లబ్బుల కోసం నడిపే ఎఫ్ఏ వాజ్ పోటీలో 2012లో, 2014లో ఫైనల్ చేరి లండన్‌లోని వెంబ్లీ స్టేడియం దాకా వెళ్లి రెండుసార్లూ రన్నరప్‌తో సరిపెట్టుకున్నారు. వందేళ్ల గుర్తుగా 2009లో మళ్లీ ట్యూరిన్ వెళ్లి యువెంటస్ కుర్రాళ్ల జట్టుతో ఆడితే 7-1తో ఓడారు.

వాళ్లు ఆడేది 1889లో పుట్టిన నార్తర్న్ లీగ్‌లో. ప్రీమియర్ లీగ్‌ను మొదటి మెట్టు అనుకుంటే, ఈ లీగ్ పై డివిజన్ తొమ్మిదో మెట్టు. కిందిస్థాయి అనగానే ఆట చప్పగా ఉంటుందనుకోకండి. మైదానం చుట్టూ నడుమెత్తున ఒక ఇనుప కమ్మీ, దానికి ఆనుకుని మనం. మీరు కార్నర్ దగ్గర నిలబడితే, బంతిని తన్నబోయే ఆటగాడు చేయి చాస్తే అందేంత దూరంలో ఉంటాడు. గోల్‌కీపర్ డిఫెండర్లను కేకలేసి సర్దుతుంటే ప్రతి మాటా వినపడుతుంది. విరామంలో టీ కోసం అందరూ ఒకే వరుసలో నిలబడతారు. అక్కడే ఒక పెద్దాయన నా ఊరు అడిగారు. బొగ్గు ఊరని చెప్పగానే ఆట గురించి కాదు, మా నాన్న పనిచేసిన గని ఎంత లోతు అని అడిగారు. తన గని గురించి చెబుతూ రెండో సగం మొదలైన సంగతి కూడా గమనించలేదు.

అటువైపు వెళ్లే అవకాశం ఉంటే ఆగస్టు నుంచి ఏప్రిల్ వరకు శనివారం మధ్యాహ్నాలు చూసుకోండి. ఆట మూడు గంటలకు మొదలవుతుంది. కొంచెం ముందే చేరుకుంటే ఊరి పచ్చిక మైదానంలో ఆ గెలుపు గుర్తుగా పెట్టిన విగ్రహాన్ని కూడా చూడవచ్చు.