మాయమణి ఎవరిదైనా, ‘వాడుకోరా’ అన్నది మీరేగా?

ప్రశ్న (కుదించాం): మాది అనంతపురం. ఉద్యోగం, కాపురం బెంగళూరు మారతహళ్లిలో. లాక్‌డౌన్‌లో తెలుగులో ఒక ఊహాలోకం కథ రాసుకున్నాను. దానికి ప్రాణం ‘నీరవం’ అనే అరుదైన మాయా స్ఫటికం. అబద్ధమాడేవాడి చేతిలో మంచులా చల్లబడుతుంది, వాడిన ప్రతిసారీ ఆవగింజంత తరుగుతుంది, వాడినవాడి జ్ఞాపకం ఒకటి పట్టుకుపోతుంది. ఇంటర్ నుంచి నాతో చదివిన స్నేహితుడు ఇక్కడే గేమ్ స్టూడియో పెట్టాడు. 2020 డిసెంబరులో వాడికి నా నోట్సు మెయిల్ చేశాను. జనవరిలో ఇన్వెస్టర్లకు డెమో చూపించాలంటే ‘వాడుకోరా, నీకు కాక ఇంకెవరికి’ అని వాట్సాప్‌లో పెట్టాను. నలభై వేలు యూపీఐలో పంపాడు. 2023 దీపావళికి గేమ్ ఇంగ్లీషులో వచ్చింది. స్ఫటికం పేరు మార్చాడు, మిగతాదంతా నాదే, నా పేరు మాత్రం లేదు. అడిగితే ‘మాయమణి ఎవడి సొత్తురా’ అన్నాడు. మండిపోయి చాట్ అంతా డిలీట్ చేశాను. మా అమ్మ వాడికి పెట్టిన అన్నం తలచుకుని ఏడుస్తోంది. పాత తేదీతో అగ్రిమెంటు రాయించి కేసు వేద్దామని బావమరిది అంటున్నాడు. నాకు న్యాయం జరుగుతుందా?

జవాబు: మీరు రాసింది నాలుగు పేజీలు. అందులో మూడు పైచిలుకు స్నేహం, అన్నం, నమ్మకద్రోహం. వాటితో కోర్టుకు పనిలేదు. కేసు తేల్చే సంగతిని మీరు మాటవరసకు అన్నట్టు ఒక్క వాక్యంలో దాటేశారు. ఆ ‘వాడుకోరా’ దేనికి ఇచ్చిన అనుమతి? డెమోకా, గేమ్ మొత్తానికా?

మీరు అతని దగ్గర ఉద్యోగి కాదు కాబట్టి రాసిన దానికి తొలి హక్కుదారు మీరే. హక్కు పూర్తిగా రాసిచ్చారనాలంటే కాపీరైట్ చట్టం, 1957లోని 19వ సెక్షన్ ప్రకారం మీ సంతకంతో కాగితం ఉండాలి. అలాంటిదేమీ లేదు. కానీ వాడుకునే అనుమతి, అంటే లైసెన్సు, వేరు. 2012 సవరణ తర్వాత దానికి రాతపూర్వకంగా ఉంటే చాలు, సంతకం అక్కర్లేదు. మీ వాట్సాప్ మెసేజీ, దాని వెనకే వచ్చిన నలభై వేలు కలిపి ‘ఇదిగో లైసెన్సు’ అని అవతలి లాయరు నిలబడతాడు. నేను అటువైపు ఉన్నా అదే చేస్తాను.

దానికి జవాబు ఆ మెసేజీకి ముందు అతను అడిగిన ప్రశ్నలో ఉంది. డెమో కోసం అడిగాడని తేలితే మీ అనుమతీ డెమో వరకే. ఆ ప్రశ్న ఉన్న చాట్‌నే మీరు డిలీట్ చేశారు! చదువుకున్నవారు, అందులోనూ కంప్యూటర్ల మధ్య బతికేవారు చేయాల్సిన పనేనా అది? ఇప్పుడు అతని ఫోన్‌లో మొత్తం ఉంటుంది, కోర్టుకు మాత్రం ఆ ఒక్క లైను కత్తిరించి తెస్తాడు. పాత ఫోన్ ఉంటే ఎక్స్ఛేంజికి ఇవ్వకండి, ఫార్మాట్ కొట్టకండి. బ్యాకప్ ఉందేమో తెలిసినవాళ్లతో చూపించండి.

ఒకవేళ అది గేమ్‌కు ఇచ్చిన అనుమతేనని తేలినా అంతా పోయినట్టు కాదు. గడువు చెప్పని లైసెన్సు ఐదేళ్లకే, ప్రాంతం చెప్పనిది భారతదేశానికే అని చట్టం అనుకుంటుంది. 2021 జనవరి నుంచి లెక్కేస్తే 2026 జనవరితో సరి. ఆ తర్వాత అమ్మే ప్రతి కాపీకీ అతను సమాధానం చెప్పుకోవాలి. పేరు వేయకపోవడం వేరే తప్పు. రచయితగా గుర్తింపు కోరే హక్కు 57వ సెక్షన్ కింద, హక్కులు అమ్ముకున్నాక కూడా మీకుంటుంది.

ఇక ‘మాయమణి ఎవడి సొత్తు’ అన్నది సగం నిజం. రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇచ్చే శమంతకమణి మీకంటే ఎంతో ముందుంది. ఆలోచన మీద, ఇతివృత్తం మీద కాపీరైట్ లేదని సుప్రీంకోర్టు 1978లోనే ఆర్.జి. ఆనంద్ కేసులో చెప్పింది. ‘నీరవం’ అన్న ఒక్క పేరు మీదా రాదు. మీరు దాన్ని చెప్పిన తీరు, నియమాల అల్లిక, వర్ణనలు, సంఘటనల వరస, వీటికే రక్షణ. నేను తెలుగులో రాశాను, అతను ఇంగ్లీషులో తీశాడు అని భయపడకండి. అనువాదం, అనుసరణ హక్కులు కూడా మీవే.

మీ ఉత్తరంలో నాకు నచ్చింది నాలుగో పేజీ అంచున కొట్టేసి మళ్లీ రాసిన సంగతి. నోట్సులో ఒకే నదిని పొరపాటున ఒకచోట నీలవేణి, మరోచోట నీలవాణి అన్నారు. గేమ్ మ్యాప్‌లో అవి రెండు వేర్వేరు నదులయ్యాయి. ఒకే కథ ఇద్దరికి తట్టిందనొచ్చు గానీ, ఒకే అచ్చుతప్పు ఇద్దరికీ తట్టిందంటే జడ్జి నవ్వుతాడు. నీలాపనింద పడ్డ కృష్ణుడు కూడా వాపోతూ కూర్చోలేదు, సింహం అడుగుజాడ, ఆపై ఎలుగుబంటి అడుగుజాడ పట్టుకుని గుహ దాకా పోయాడు. మీ అడుగుజాడ ఈ నది.

దాన్ని అతను అప్‌డేట్ పెట్టి చెరిపేయకముందే గేమ్‌ను మీ డబ్బుతో కొని, బిల్లు దాచి, ఆ మ్యాప్ కనిపించేలా ఆడుతూ వీడియో తీయండి. 2020 నాటి మెయిల్‌ను అటాచ్‌మెంట్‌తో అలాగే ఉంచండి. ఉత్త స్క్రీన్‌షాట్లు నిలవవు. భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ కింద సర్టిఫికెట్ జతచేయాలి, అందులో ఒక భాగం నిపుణుడు నింపాలి. నోట్సుకు ఇంగ్లీషు అనువాదం మీరు చేయకండి, గేమ్ చూడని అనువాదకుడితో చేయించండి. మీరే చేస్తే గేమ్‌లోని మాటలు తెచ్చి అతికించారంటారు.

బావమరిది గారికి ఒక మాట. పాత తేదీ అగ్రిమెంటు ఫోర్జరీ. దాన్ని కోర్టులో పెడితే భారతీయ న్యాయ సంహిత 336, 340 సెక్షన్ల కింద ముద్దాయి మీరవుతారు. ఈ-స్టాంపు మీద తీసిన తేదీ, సమయం, నంబరు ఉంటాయి, ఎవరైనా సరిచూడొచ్చు. ఒక్క దొంగ కాగితంతో నిజమైన మెయిల్ కూడా అనుమానం పాలవుతుంది. ఆ ఆలోచన ఈరోజే మానుకోండి.

లిమిటేషన్, అంటే దావా వేయడానికి గడువు, మూడేళ్లు. అమ్మకం సాగినంత కాలం కొత్త ఉల్లంఘన జరుగుతున్నట్టే గానీ, లాభాల లెక్క మూడేళ్ల వెనక్కి మించి అడగలేరు. గేమ్‌కు విడుదలైన కొత్తలోనే అమ్మకాలెక్కువ. 2026 నవంబరు దాటితే మీకు ముందుగా జారిపోయేది ఆ దీపావళి సొమ్మే. ఆలస్యం చేసినవాడికి ఇంజంక్షన్, అంటే అమ్మకం ఆపమనే ఉత్తర్వు, ఇవ్వడానికీ కోర్టు వెనకాడుతుంది.

ముందు లాయరు నోటీసు పంపండి: పేరు వేయాలి, లెక్కలు చూపాలి, వాటా ఇవ్వాలి. మీరు ఇక్కడే ఉంటున్నారు కాబట్టి 62వ సెక్షన్ ప్రకారం బెంగళూరులోనే దావా వేయొచ్చు. విలువ మూడు లక్షలు, ఆపైన అయితే కమర్షియల్ కోర్టు. అత్యవసర ఇంజంక్షన్ కోరకపోతే దావాకు ముందు మధ్యవర్తిత్వం తప్పనిసరి. అందులో గడిచిన కాలం లిమిటేషన్‌లో కలవదు. నన్నడిగితే మీ కేసు అక్కడే తేలాలి. నది సంగతి బల్ల మీద పెడితే బేరానికి వస్తాడు.

ఈలోగా అతనికి ఫోన్ చేసి తిట్టకండి, రికార్డు చేస్తాడు. నలభై వేలు రోషంతో తిరిగి పంపకండి. పంపితే అది కథకు ఇచ్చిన ధరేనని మీరే ఒప్పుకున్నారంటాడు.