ఉద్ధరిణెడు అంటే ఎంత?

సందేహం: మా జేజి పాత నోటుబుక్కులో దగ్గుకు మందు రాసిపెట్టింది. "అల్లం రసం ఉద్ధరిణెడు, తేనె ఉద్ధరిణెడు, మిరియాల పొడి చిటికెడు" అని ఉంది. ఇంకో పేజీలో "సంగటిలోకి గంటెడు నెయ్యి" అని ఉంది. ఉద్ధరిణెడు అంటే టీ స్పూనా, టేబుల్ స్పూనా? రెండు వేయాలంటే "రెండు ఉద్ధరిణెళ్లు" అనవచ్చా అని మా అబ్బాయి అడుగుతున్నాడు. పూజా సామాన్ల అంగడి బోర్డు మీద "ఉద్దరిని" అని రాసినారు. ఏది సరి? (ప్రొద్దుటూరు నుంచి ఒక పాఠకురాలు)

సమాధానం: అమ్మా, ముందు ఆ నోటుబుక్కును జాగ్రత్తగా దాచుకోండి. చాలా ఇళ్లలో ఇలాంటివి పాత కాగితాల బండికి పోయినాయి, వాటితోపాటే ఇలాంటి మాటలూ పోయినాయి.

ఉద్ధరిణి అంటే పంచపాత్రలో వేసి ఉంచే చిన్న రాగి చెంచా. సంధ్యావందనానికీ తీర్థం ఇయ్యడానికీ వాడేది. ఇంట్లో మాట్లాడేటప్పుడు ఉద్ధరిణె అంటాం. ఆ చెంచాకు పట్టేటంత ఉద్ధరిణెడు. మీ జేజి పూజ సామానును మందు కొలతకు వాడింది, అందులో వింతేమీ లేదు, ఒకప్పుడు చాలా ఇళ్లలో అంత చిన్న చెంచా అదొక్కటే ఉండేది.

స్పెల్లింగ్ దగ్గర మాత్రం కొంచెం గట్టిగానే చెప్తా. "ఉద్దరిని" తప్పు. దకు ధ వత్తు ఉండాలి, చివర ణ ఉండాలి. ఇది అలంకారానికి పెట్టిన వత్తు కాదు, మాట పుట్టుకలోనే ఉంది. ఉత్ అంటే పైకి, హృ ధాతువుకు తీయడం, తెచ్చుకోవడం అని అర్థం. రెండూ కలిసినప్పుడు త్ కాస్తా ద్ అవుతుంది, దాని పక్కనున్న హ ధ అవుతుంది. పద్ + హతి పద్ధతి అయినట్టు, తత్ + హితం తద్ధితం అయినట్టు. పాత్రలోంచి నీళ్లను పైకి తీసేది కాబట్టి ఆ పేరు. "ఆయన మనల్ని ఉద్ధరిస్తాడు" అనేటప్పుడూ ఇదే మాట, గుంటలో పడినవాణ్ని పైకి తీయడం. పుస్తకంలోంచి ఒక వాక్యం తీసి చూపిస్తే ఉద్ధరణ, పాడుపడిన గుడిని నిలబెడితే జీర్ణోద్ధరణ. మన ఒంటిమిట్ట కోదండరాముని గుడి కోసం వావిలకొలను సుబ్బారావుగారు టెంకాయచిప్ప పట్టుకుని ఊరూరా తిరిగి చందాలు పోగుచేసినారు, ఆ పనీ ఉద్ధరణే. ఇంత సంసారం ఉన్న మాటను ఒక్క వత్తు తీసేసి "ఉద్దరించు" అని పేపర్లలో కూడా రాస్తుంటే నాకు బాధగా ఉంటుంది.

ఇక ఉద్ధరణి అనాలా, ఉద్ధరిణి అనాలా? సంస్కృత వ్యాకరణం ప్రకారమైతే ఉద్ధరణి. రాసే సాధనం లేఖని అయినట్టు ఎత్తే సాధనం ఉద్ధరణి కావాలి. కానీ తెలుగువాళ్లు లేఖనిని లేఖిని చేసుకున్నారు, ఉద్ధరణిని ఉద్ధరిణి చేసుకున్నారు. చివరి ఇకారం ముందున్న అచ్చును తన వైపు లాక్కుంటుంది, అది మన నోటికి అలవాటే. మనిషి బహువచనంలో మనుషులు అయినప్పుడు మధ్యలోని ఇకారం ఉకారం అయిపోవడం లేదా, అట్లాంటిదే. కన్నడంలో ఉద్ధరణె అంటారు, వాళ్లు ఆ అకారాన్ని నిలుపుకున్నారు. ఉద్ధరణి అని రాసేవాళ్లను నేను తప్పు పట్టను, ఉద్ధరిణి అనేవాళ్లను అసలే పట్టను.

మీ ప్రశ్నలో నాకు అన్నిటికన్నా నచ్చింది ఆ చివరనున్న "ఎడు". అడిగినారు కాబట్టి కొంచెం ఓపికగా వినండి.

ఎడు అనేది కొలతను చెప్పే తద్ధిత ప్రత్యయం. ఒక వస్తువు పేరుకు దాన్ని తగిలిస్తే ఆ వస్తువుకు పట్టేటంత అని అర్థం వస్తుంది. గిన్నెడు, చెంబెడు, కుండెడు, గంపెడు, బండెడు. చేతితో కొలిచేవీ ఇంతే: చిటికెకు వచ్చేది చిటికెడు, గుప్పిటకు వచ్చేది గుప్పెడు, పిడికిలికి పిడికెడు, దోసిలికి దోసెడు, పుడిసిలికి పుడిసెడు. ఈ చివరి మూడింట్లో లి ఎట్లా జారిపోయిందో చూడండి, ఎడు వచ్చేసరికి లి చోటిచ్చి పక్కకు తప్పుకుంది. పొడుగును కొలవడానికీ ఇదే పనికొచ్చింది: బెత్తెడు, జానెడు, మూరెడు, బారెడు. కొలవలేనివాటినీ దీంతోనే కొలిచినాం, పుట్టెడు దుఃఖం, గంపెడాశ, బండెడు చాకిరి అని. దుఃఖానికి ధాన్యం కొలత పెట్టిన భాష మనది.

అన్నిటికన్నా నాకు ఇష్టమైనది "ఏసి" చేరిన రూపం. "మనిషికి గంటెడేసి నెయ్యి వడ్డించు" అంటే ఒక్కొక్కరికీ ఒక్కో గంటె నిండా అని. ఒక్క మాటలో గంటె ఉంది, అది నిండడం ఉంది, పంక్తిలో ఒక్కొక్కరికీ పంచడం ఉంది. "చారెడేసి కళ్లు" అంటే ఒక్కో కన్నూ చారెడు. స్పూన్ల లెక్కలో దీన్ని చెప్పాలంటే మూడు మాటలు కావాలి.

ఎడు గొప్పదనం చూడాలంటే మన సీమ కవి వేమన దగ్గరికే పోవాలి. కదిరి పక్కన కటారుపల్లెలో ఆయన సమాధి ఉంది, ఆయన పద్యాలను వెతికించి 1829లో అచ్చు వేయించిన బ్రౌన్ దొర 1820లో ఉద్యోగానికి వచ్చింది మన కడపకే, ఆయన బంగళా ఉన్న చోటే ఇప్పుడు ఆయన పేరున భాషా పరిశోధన కేంద్రం నడుస్తోంది. పద్యం మీకు చిన్నప్పటినుంచి వచ్చిందే, ఇప్పుడు కొలతల కోసం చదవండి:

గంగిగోవు పాలు గరిటెడైనను చాలు
కడివెడైన నేమి ఖరము పాలు
భక్తి కలుగు కూడు పట్టెడైనను చాలు
విశ్వదాభిరామ వినుర వేమ

మూడు పాదాల్లో మూడు ఎడులు. గరిటెడు, కడివెడు, పట్టెడు. గరిటె వంటింటిది, కడివె నీళ్లు మోసేది, పట్టెడు చేతిది. పట్టెడు అంటే పట్టు + ఎడు, చెయ్యి పట్టగలిగినంత. ఆయన సేరనలేదు, సోల అనలేదు, గిద్ద అనలేదు. కొలపాత్రల పేర్లు ఆయనకు తెలియక కాదు కదా. అంగట్లో కొలిచి అమ్మే పాల గురించి కాదు ఆయన మాట్లాడింది, ఒకరు ఇంకొకరికి పెట్టే పాల గురించి, పెట్టే కూటి గురించి. అందుకే మూడోపాదంలో పాత్రే లేదు, చెయ్యి మాత్రమే ఉంది. ఎన్నిసార్లు చదివినా నాకు ఆ "పట్టెడు" దగ్గర గొంతు పట్టుకుంటుంది.

ఇంకొక సంగతి. మన కడప, అనంతపురం పల్లెల్లో గరిటెను గంటె అనేవాళ్లు, గెంటె అనేవాళ్లు చాలామంది. మీ జేజి రాసిందీ గంటెడే. పద్యంలో "గరిటెడైనను" తీసి "గంటెడైనను" పెట్టి చూడండి, ఆటవెలది ఏమీ చెడదు. "గరిటెడై" నగము, "గంటెడై" రగణం, రెండూ ఇంద్రగణాలే. యతీ చెడదు, గంగిలోని గకారానికి గరిటెలో గ ఉంది, గంటెలోనూ గ ఉంది. అచ్చుపుస్తకాల్లో గరిటెడు అని స్థిరపడింది, దాన్ని మార్చమని నేను అనను. కానీ మీ జేజి మాట మోటుది అని ఎవరైనా అంటే, వేమన పద్యంలో సైతం ఇమిడే మాట అది అని చెప్పండి. అట్లాగే కడివెడు. నిఘంటువు మాట కడవ, అది కడవెడు కావాలి. కడవె అన్నా కడివె అన్నా మూడు లఘువులే కాబట్టి ఛందస్సు కోసం మార్చినాడనడానికి లేదు. ఊళ్లో నోటికి ఎట్లా వస్తే అట్లా పద్యంలోకి వచ్చింది.

మీ అబ్బాయి ప్రశ్న బాగుంది. "రెండు ఉద్ధరిణెళ్లు" అనకూడదు. ఎడులోనే ఒకటి అనే లెక్క ఉంది, దానికి బహువచనం లేదు. రెండైతే "రెండు ఉద్ధరిణెల తేనె", "రెండు గంటెల నెయ్యి" అనాలి. "దోసెళ్లతో పూలు పోసినారు" అంటాం కదా అని వాదించవచ్చు, కానీ ఆ ళ్లు దోసెడుది కాదు, దోసిలిది. మరి "ఒక గంటెడు" అనవచ్చా? అందులో ఒకటి రెండుసార్లు వస్తుంది, నిక్కచ్చిగా చూస్తే అక్కరలేదు. అయినా "ఒక్క చిటికెడు ఉప్పెయ్యి" అని మా అమ్మ అనేది, ఆ ఒత్తి పలకడంలో ఒక అర్థం ఉంది, కొట్టేయడానికి నాకు చెయ్యి రాదు.

ఇప్పటి వంటల వీడియోలు చూస్తుంటా. "వన్ టేబుల్ స్పూన్ నెయ్యి యాడ్ చేసుకుందాం" అంటారు. ఇంగ్లీషు మాట వచ్చిందని కాదు నా కోపం, మాటలు వస్తాయి, చెంచా కూడా హిందుస్తానీ చమ్చా నుంచి వచ్చిందే. దాన్ని మనవాళ్లు చెంచాడు చేసుకున్నారు, బస్తాను బస్తాడు చేసుకున్నారు, గ్లాసు వస్తే గ్లాసుడు నీళ్లు అన్నారు, కప్పు వస్తే కప్పుడు బియ్యం అన్నారు. చివర ఆకారం ఉన్నచోట, ఇంగ్లీషు మాట ఉన్నచోట ఎడులో ఎ పోయి డు మిగిలింది, కానీ పని మానలేదు. పల్లెల్లో చదువు రానివాళ్లు పరాయి మాటను ఇంత సులువుగా తెలుగు చేసుకుంటే, చదువుకున్న మనం "ఒక కప్పు ఆఫ్ రైస్" అంటున్నాం. "ఒక గరిటె నెయ్యి వేయాలి" అని రాసేవాళ్లూ ఉన్నారు. అది తప్పని తీర్పు చెప్పను, పాత్ర పేరుతో పాత్రలోని పదార్థాన్ని చెప్పడం అలంకారశాస్త్రం ఒప్పుకున్నదే. కానీ గరిటెడు అనే మాట చేతిలో ఉండగా గరిటె దగ్గర ఆగిపోవడం ఎందుకు?

ఉగ్గుగిన్నె గురించి అడగలేదు కానీ ఒక్క మాట: అది పసిబిడ్డకు ఉగ్గు పట్టే ముక్కు ఉన్న చిన్న గిన్నె, ఉద్ధరిణి కాదు. కొందరు రెండూ ఒకటే అనుకుంటారు.

ఇక అసలు ప్రశ్న, ఎంత? టీ స్పూన్ 5 మిల్లీలీటర్లు, టేబుల్ స్పూన్ 15 అని ఇప్పుడు లెక్క ఉంది. ఉద్ధరిణికి అట్లాంటి లెక్క ఎవరూ పెట్టలేదు, కంచరివాడు కొట్టినంత. శాస్త్రంలో ఆచమనానికి చెప్పిన కొలత మాత్రం ఒకటుంది, అరచేతిలో మినపగింజ మునిగేటన్ని నీళ్లు. ఉద్ధరిణి ఎందుకంత చిన్నదో దీన్నిబట్టి తెలుస్తుంది. మా ఇంటి రాగి ఉద్ధరిణితో దగ్గుమందు సీసా మూతలో నీళ్లు పోసి చూస్తే, 5 మిల్లీలీటర్ల గీత వరకు రావడానికి రెండు ఉద్ధరిణెలు పట్టినాయి. ఇది మా ఇంటి సంగతి, మీ ఇంట్లోది పెద్దదైనా కావచ్చు. కాబట్టి టేబుల్ స్పూన్ మాత్రం కాదు, టీ స్పూను కన్నా తక్కువే అనుకోవడం మంచిది, అంతకుమించి గట్టిగా చెప్పలేను. డాక్టరు రాసిన మందును మాత్రం దీంతో కొలవకండి, సీసాతో వచ్చిన మూతతోనే కొలవాలి. ఏడాది నిండని బిడ్డకు తేనె పెట్టవద్దని డాక్టర్లు చెప్తారు, అదీ గుర్తుంచుకోండి.

మీ జేజి పూజ సామాన్లు ఇంకా ఇంట్లో ఉన్నాయేమో వెతకండి. పంచపాత్రలో ఆమె ఉద్ధరిణి ఉంటే దాంతోనే తేనె కొలవండి, ఆమె రాసింది ఆ ఉద్ధరిణెడే.