డ్రాఫ్ట్‌లో ఎవరూ తీసుకోని లైన్‌బ్యాకర్ (డిఫెన్స్ ఆటగాడు) అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో నిలదొక్కుకోగలడా?

నిలదొక్కుకోగలడు. జేమ్స్ హారిసన్‌నే చూడండి. 2002లో కాలేజీ ఆటగాళ్లను జట్లు ఎంచుకునే డ్రాఫ్ట్‌లో అతని పేరే రాలేదు. పిట్స్‌బర్గ్ స్టీలర్స్ జట్టు చేర్చుకోవడం, తీసేయడం, మళ్లీ పిలవడం... కొన్నాళ్లు ఇదే తంతు. 2004లో వేరే ఆటగాడికి దెబ్బ తగిలి చోటు ఖాళీ అయితే తిరిగొచ్చాడు (అదృష్టం కూడా కలిసిరావాలి మరి!). 2007కి గానీ రెగ్యులర్ స్టార్టర్ కాలేదు. మరుసటి ఏడాదే లీగ్‌లో ఉత్తమ డిఫెన్స్ ఆటగాడు; డ్రాఫ్ట్ కాని వాళ్లలో ఆ అవార్డు అందుకున్న మొదటివాడు అతనే.

ఆ సీజన్ ఫైనల్ అయిన సూపర్ బౌల్‌లో, హాఫ్‌టైమ్‌కి క్షణాల ముందు, తమ గోల్ లైన్ దగ్గర అవతలి జట్టులో బంతి విసిరే కర్ట్ వార్నర్ పాస్‌ను మధ్యలోనే లాక్కుని 100 గజాలు పరిగెత్తి టచ్‌డౌన్ (ఆరు పాయింట్లు) చేశాడు. ఆయాసంతో కాసేపు లేవలేకపోయాడు. స్టీలర్స్ గెలిచింది 27-23తో, అంటే నాలుగే పాయింట్ల తేడా.