లైవ్ రికార్డింగులో బేస్ ముద్దగా వస్తోందా?

ప్రశ్న: బెంగళూరులో మాది జాజ్ ఫ్యూజన్ బృందం. అయిదు తీగల బేస్ గిటార్ వాయించేదీ, బృందాన్ని నడిపేదీ నేనే. లైవ్ ఆల్బమ్ కోసం రికార్డు చేస్తే బేస్ ముద్దగా, డ్రమ్స్‌లో కలిసిపోయి వస్తోంది. ఏం చేయాలండీ?
- ఒక పాఠకుడు, మారతహళ్లి

జవాబు: ముందు వేదిక మీది యాంప్ (యాంప్లిఫయర్) సౌండ్ తగ్గించండి. డ్రమ్ మైకుల్లోకి దూరిన బేస్‌ను మిక్సింగులో శుభ్రంగా విడదీయడం చాలా కష్టం. చెక్క వేదికైతే క్యాబినెట్‌ను (యాంప్ స్పీకరు పెట్టెను) స్టాండు మీద పెట్టండి. అడుగున బోలుగా ఉన్న పలకలు ఒకటి రెండు స్వరాలనే గుమ్మెత్తిస్తాయి.

బేస్ కేబుల్‌ను డీఐ బాక్స్‌కిచ్చి (గిటార్ సిగ్నల్‌ను మైకు లేకుండా నేరుగా రికార్డరుకు పంపే చిన్న పెట్టె ఇది), అక్కణ్ణుంచి ఒక లైను రికార్డరుకు, ఇంకోటి యాంప్‌కు తీయండి. హమ్ (గుయ్ మనే కరెంటు మోత) వస్తే డీఐ మీది గ్రౌండ్ లిఫ్ట్ స్విచ్ నొక్కండి. అంతేగానీ యాంప్ ప్లగ్గు ఎర్త్ పిన్ను పీకారో, ప్రాణాల మీదికొస్తుంది.

క్యాబినెట్‌కు మైకు కూడా పెడతారా? మీటరు దూరంలో ఉంటే శబ్దం దానికి సుమారు 3 మిల్లీసెకన్లు ఆలస్యంగా చేరుతుంది. అలాగే డీఐతో కలిపితే 170 హెర్ట్జ్ దగ్గర స్వరం చచ్చుబడుతుంది. మిక్సింగులో డీఐ ట్రాకు అంతమేర ఆలస్యంగా మొదలయ్యేలా జరపండి.

24 బిట్‌లో రికార్డు చేస్తూ, గట్టిగా స్లాప్ చేసినా (బొటనవేలితో తీగను కొట్టినా) రికార్డరు మీటరు మైనస్ 12 డెసిబెల్స్ దాటనివ్వకండి. అలవాటుగా 40 హెర్ట్జ్ దగ్గర హైపాస్ (అంతకు కింది శబ్దాలను తగ్గించే ఫిల్టరు) పెట్టేస్తుంటారు. మీ బేస్‌లో అన్నిటికన్నా మందమైన బి తీగ 31 దగ్గరే మొదలవుతుంది. 25 చాలు.