గాలి ఎటు వీస్తోందో చూసి రాయి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

నీ నవల మొదటి అధ్యాయం రెండుసార్లు చదివాను. కరీంనగర్‌లో పుట్టి పెరిగాననీ, సముద్రం చూసింది రెండే రెండుసార్లనీ, విశాఖ జాలరుల మీద రాయడానికి ఏయే పుస్తకాలు దగ్గర పెట్టుకోవాలో చెప్పమనీ అడిగావు. ఒడ్డున పుట్టనివాళ్ళు సముద్రం జోలికి పోకూడదని నేననను. ఒడ్డునే పుట్టిన నాకు కళ్ళెదుట ఉండి కూడా ఆనని సంగతులు చాలా ఉన్నాయి. నువ్వు రాయాలి.

పుస్తకాలకంటే ముందు నీ అధ్యాయంలో రెండు చోట్ల ఆగాలమ్మా. 1960ల్లో జరిగే మొదటి సన్నివేశంలో తండ్రి మిట్టమధ్యాహ్నం తెప్ప మీద తెరచాప ఎత్తుతాడు. వెనక నుంచి గాలి తోస్తుంటే సముద్రంలోకి సాగిపోతాడు. చదవడానికి బాగుంది. కానీ ఆ వేళకి గాలి సముద్రం మీంచి నేల మీదికి వీస్తుంది. రాత్రి నేల త్వరగా చల్లబడుతుంది కాబట్టి తెల్లవారుజామున గాలి నేల మీంచి సముద్రం వైపు పోతుంది. ఇంజన్లు రాకముందు ఆ గాలి అందుకుని చీకటి ఉండగానే బయల్దేరేవారు. ఎండెక్కాక వీచే సముద్రపు గాలితో ఇల్లు చేరేవారు. ఆడవాళ్ళు ఎప్పుడు గంజి కాచాలో, ఎప్పుడు గంప పట్టుకుని ఒడ్డుకు రావాలో కూడా ఆ గాలే చెప్పేది. గాలి తప్పు రాస్తే ఆ ఇంటి రోజంతా తప్పిపోతుంది.

రెండోది, కొడుకు ఈ కాలంలో, మే నెలలో, మరపడవ మీద వేటకు వెళ్ళడం. తూర్పు తీరంలో ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా, 61 రోజులు, మరపడవలకు వేట నిషేధం. చేపలు గుడ్లు పెట్టే కాలమని ఆపుతారు. ఆ రెండు నెలలూ ఒడ్డున పడవలకు రంగులు, వలలకు మరమ్మతులు, ఇంట్లో అప్పుల టెన్షన్. తండ్రీకొడుకుల గొడవ నువ్వు ఎక్కడ పెట్టాలా అని వెతుక్కున్నావు కదా, అక్కడ పెట్టు.

ఇంకొకటి. నువ్వు "చేపలు పట్టడానికి వెళ్ళాడు" అన్న చోటల్లా వాళ్ళు "వేటకెళ్ళాడు" అంటారు. ఆ మాట ఒక్కటి మార్చి పేజీ మళ్ళీ చదువు.

ఇక పుస్తకాలు. ముందు బ్రౌన్ నిఘంటువు, 1852లో వచ్చింది. ఆంధ్రభారతి సైట్లో మిగతా నిఘంటువులతో కలిపి వెతుక్కోవచ్చు. "పోటు" అని కొట్టి చూడు. కత్తిపోటు, తలపోటు ఉన్న కుటుంబంలోనే సముద్రపు పోటు కూడా ఉంది. "జీవితంలో ఆటుపోట్లు" అని రోజూ పేపర్లో చదివీ చదివీ ఆ మాటలో నీళ్ళున్నాయనే మర్చిపోయాం. నీళ్ళు ఒడ్డు మీదికి ఎక్కడం పోటు, వెనక్కి తగ్గడం ఆటు. అమావాస్యకీ పున్నమికీ పోటు ఎక్కువ. ఏరు సముద్రంలో కలిసే మొగ దగ్గర పడవ లోపలికి తేవాలంటే పోటు చూసుకోవాలి. నీ నవలలో ఎవరైనా "ఆటుపోట్లు" అంటే ఆ మనిషి పాదాలు తడిసి ఉండాలి.

చేపల దగ్గరికి వచ్చేసరికి మన నిఘంటువులు చేతులెత్తేస్తాయి. చాలా పేర్ల ఎదురుగా "ఒక విధమైన చేప" అని ఉంటుంది, అంతే. అక్కడ నీకు కావలసింది కొచ్చిలోని కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ ప్రచురణలు. 1947 నుంచి పనిచేస్తున్న సంస్థ, వాళ్ళ కేంద్రం ఒకటి విశాఖలోనే ఉంది. చందువా, వంజరం, కానాగంతలు, నెత్తళ్ళు, సావళ్ళు, వీటికి బొమ్మ, కొలత, దొరికే కాలం అన్నీ తెలుస్తాయి. కథలో "చేపలు పడ్డాయి" అని రాస్తే ఏమీ పడనట్టే. నెత్తళ్ళు పడ్డాయంటే ఒక ధర, చందువాలు పడ్డాయంటే ఇంకో ధర, ఆ రాత్రి ఇంట్లో మాట తీరే వేరు.

నాకు ప్రాణమైన పుస్తకం హాబ్సన్-జాబ్సన్. యూల్, బర్నెల్ అనే ఇద్దరు కూర్చిన కోశం, 1886లో వచ్చింది. మన దేశపు మాటలు ఇంగ్లీషులోకి ఎలా వెళ్ళాయో చెబుతుంది. ఒకరోజు అందులో "సీకనీ" అనే మాట కనిపించింది. ఓడ నడిపే చుక్కాని పట్టేవాడు అని అర్థం. అరబ్బీలో సుక్కాన్ అంటే చుక్కాని, సుక్కానీ అంటే దాన్ని పట్టేవాడు. ఇంతకాలం నేను చుక్కాని అచ్చంగా మన ఊరి మాటే అనుకున్నాను. అరబ్బు ఓడ మీద మన రేవుకు వచ్చి, దిగిపోయి, ఇక్కడే కాపురం పెట్టిన మాట అది. ఆ సాయంత్రం ఇంక ఏ పనీ చేయలేకపోయాను. లంగరు పారసీ నుంచి వచ్చింది. గోదావరి లాంచీ నడిపే సరంగూ ఆ దారినే వచ్చాడు. బందరు అంటేనే పారసీలో రేవు. నీ కథలో ముసలి తాత "చుక్కాని పట్టు" అని మనవణ్ణి కేకేసినప్పుడు ఈ చరిత్ర ఏదీ రాయనక్కర్లేదు. నీకు తెలిసి ఉంటే చాలు, ఆ కేక వేరేగా వస్తుంది.

ఓడల మీద పనిచేసిన మన కళాసీల భాష వినాలనుంటే థామస్ రోబక్ 1811లో కలకత్తాలో అచ్చు వేయించిన నౌకా నిఘంటువు చూడు. ఇంగ్లీషు దొరలు హిందుస్తానీలో ఆజ్ఞలివ్వడానికి చేసుకున్న పుస్తకం. ఇంగ్లీషు నావికుల మాటలకు అడ్మిరల్ స్మిత్ 1867 నాటి కోశం ఉంది, కానీ నీ నవలకు దానితో పెద్దగా పనిలేదు. ఇంగ్లీషు కోశాలతో ఒక జాగ్రత్త. కాటమరాన్ అనే మాట తమిళ కట్టుమరం నుంచి వెళ్ళింది, అంటే దుంగలు కలిపి కట్టిన మన తెప్ప లాంటిదే. ఇప్పుడు ఆ మాటతో వెతికితే రెండు డొక్కల షికారు పడవ బొమ్మ వస్తుంది. అది చూసి తెప్పను వర్ణిస్తే కథ మునుగుతుంది.

పడవల కోసం జేమ్స్ హోర్నెల్‌ను చదువు. మద్రాసు ప్రెసిడెన్సీ మత్స్యశాఖలో పనిచేసినవాడు, 1920లో భారతీయ పడవల మీద ఒక పెద్ద వ్యాసం ప్రచురించాడు. మన తీరపు మసులా పడవకు మేకులుండవు, పలకల్ని కొబ్బరి తాడుతో కుడతారు. కెరటం విరిగే చోట మేకులు కొట్టిన పడవ పగులుతుంది, కుట్టిన పడవ వంగి ఊరుకుంటుంది. థర్‌స్టన్ 1909లో అచ్చు వేసిన కులాల సంపుటాల్లో జాలారుల గురించి, వాడ అనే మరో జాలరి కులం గురించి ఉంది. ఆచారాల వివరాలు తీసుకో, తీర్పులు వదిలెయ్. బయటివాడు అధికారంతో వచ్చి రాసుకున్నవి అవి.

శాసనాలు కూడా చదవాలి. చినగంజాం దగ్గర మోటుపల్లిలో గణపతిదేవుడు 1244లో వేయించిన అభయ శాసనం ఉంది. తుపానుకు కొట్టుకొచ్చి ఒడ్డున పడ్డ ఓడల సరుకంతా ఇదివరకటి రాజులు లాక్కునేవారట. ప్రాణం కంటే ధనం ఎక్కువనుకుని సముద్రం మీద అంత సాహసం చేసేవాళ్ళ మీద దయతో, నిర్ణయించిన సుంకం తప్ప అన్నీ వదిలేస్తున్నామని ఆయన ప్రకటించాడు. చందనం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, పగడాలు, మిరియాలు, ఏ సరుకుకెంతో వరసగా చెక్కించాడు. ఓడ పగిలిన వర్తకుడు ఆ రాతి ముందు నిలబడి చదివించుకుంటున్నట్టు ఊహించుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది.

పుస్తకాల్లో లేనివాటికి ఒడ్డుకు రా. భద్రిరాజు కృష్ణమూర్తిగారు 1962లో వ్యవసాయ వృత్తిపదకోశం తెచ్చినప్పుడు మనుషుల్ని ఊళ్ళ వెంట తిప్పి రైతుల నోటి నుంచి మాటలు పోగు చేయించారు. అదే పద్ధతి. ఒక్క సంగతి నేను ఆలస్యంగా నేర్చుకున్నాను. మొదట్లో నోట్‌బుక్ పట్టుకుని జాలారిపేటలో "దీన్నేమంటారు?" అని అడిగేవాణ్ణి. ఒక మాట చెప్పి ఊరుకునేవారు, అదీ నాకు అర్థమయ్యేలా మార్చి. ఒకరోజు ఏమీ అడక్కుండా ఒక పెద్దాయన పక్కన కూర్చున్నాను. కాలి బొటనవేలికి వల తగిలించుకుని, దారం చుట్టిన చిన్న చెక్క సూదితో తెగిన కన్ను తర్వాత కన్ను అల్లుకుంటూ పోతున్నాడు. రెండు వేళ్ళు దూర్చి కన్ను కొలత చూస్తున్నాడు. కాసేపటికి కొడుకు మీద విసుక్కున్నాడు, బెండ్లు ఎక్కడ పెట్టావని, సీసం గుళ్ళు రాలిపోతున్నా చూసుకోవా అని. గంటలో నా నోట్‌బుక్ రెండు పేజీలు నిండింది. ఆయన నాతో ఒక్క మాట కూడా మాట్లాడలేదు.

జూన్ 14 లోపల రా. నిషేధం రోజుల్లో వాళ్ళందరూ ఒడ్డునే ఉంటారు, కూర్చోవడానికి తీరిక ఉంటుంది. మా ఇంట్లో ఉండొచ్చు, మీ అత్తయ్య గది సర్దుతానంది. వచ్చేటప్పుడు మొదటి సన్నివేశం తిరగరాసి తీసుకురా, ఈసారి తెల్లవారుజామున.

ఆశీస్సులతో,
మీ మాస్టారు