ఓవెన్‌లో కజ్జికాయలు

పోయిన నెల నేను రాసిన పండు కజ్జికాయల మీద వచ్చిన ఉత్తరాలన్నీ కట్టగట్టి పంపారు ఆఫీసు వాళ్లు. ఆ సంచిక చూడని వాళ్ల కోసం: మైదాలో వెన్న కలిపి, గుండ్రంగా ఒత్తి, మధ్యలో పండు పూర్ణం పెట్టి, అరచందమామలా మడిచి కాల్చేవి. ఇంగ్లీషు వాళ్లు టర్నోవర్లంటారు. మా కావలిలో బేకరీకి వెళ్లి పేస్ట్రీ అని అడిగితే క్రీము కేకు ముక్క చేతిలో పెడతారు. అందుకే నేను కజ్జికాయలనే అంటాను. నేను వాడే అచ్చు కూడా మా అమ్మ కజ్జికాయల అచ్చే.

అక్కా, మీరు చెప్పినట్టే ఉలవపాడు బంగినపల్లి పండ్లతో చేశాను. పైన ఎర్రగా కాలాయి కానీ అడుగు తడిసిన అట్టముక్కలా ఉంది. మూడు పగిలి రసం కారి ట్రేకి అతుక్కుపోయాయి. మా ఆయన స్పూనుతో గీరి తిన్నాడు. పండు ముక్కలు కోసి, చక్కెర కలిపి పెట్టాను, అంతే. తప్పెక్కడ జరిగింది?
– ఒక పాఠకురాలు, కందుకూరు

తప్పు మీ ఉత్తరంలోనే ఉందమ్మా. "చక్కెర కలిపి పెట్టాను, అంతే" అన్నారు చూడండి, అక్కడ. చక్కెర తగిలితే పండు నీరు విడుస్తుంది. ఊరగాయకు ఉప్పు కలిపిన ముక్కలు తెల్లారేసరికి ఊటలో తేలవూ? ఇదీ అంతే. ఆ ఊటంతా ఓవెన్‌లో పిండి మీదికి దిగింది. పిండి కాలడానికి బదులు ఉడికింది. పైభాగానికి పొడి వేడి తగిలింది కాబట్టి ఎర్రబడింది.

ఆ ఊటను ఓవెన్‌లో కాదు, ముందే పొయ్యి మీద వదిలించుకోవాలి. కాస్త గట్టిగా ఉన్న పండ్లు తీసుకోండి. రసాలు వద్దు, బంగినపల్లే మేలు. 400 గ్రాముల ముక్కలకు మూడు పెద్ద స్పూన్ల చక్కెర కలిపి అరగంట వదిలేయండి. దిగిన రసాన్ని చిన్న దబరలోకి వంచి, సగమయ్యేదాకా మరిగించండి. ఒక పెద్ద స్పూను కార్న్‌ఫ్లోర్‌ను రెండు స్పూన్ల నీళ్లలో కలిపి పోసి తిప్పుతూ ఉండండి. మొదట సున్నం నీళ్లలా తెల్లగా ఉంటుంది. ఇంకాసేపటికి బుడగలు నెమ్మదిగా 'బ్లక్, బ్లక్' మంటూ లేస్తాయి, తెలుపు పోయి నిగనిగలాడుతుంది. అప్పటిదాకా దించొద్దు, ముందే దించితే పచ్చి పిండి వాసన ఉండిపోతుంది. పళ్లెం మీద ఒక చుక్క వేసి వేలితో గీత గీయండి. గీత పూడకపోతే అయినట్టే. దించి ముక్కలు కలపండి. అర చెక్క నిమ్మరసం పిండండి. మాకు గూడూరు నిమ్మకాయలకు కరువు లేదు, మీకూ ఉండదనుకుంటా.

ఇక అసలు మాట. పూర్ణం పూర్తిగా చల్లారాలి. గోరువెచ్చన కూడా పనికిరాదు. ఇది నాకు ఎలా తెలుసంటే, మా తమ్ముడి కూతురి ఓణీల ఫంక్షన్‌కు ముప్పై కజ్జికాయలు చేస్తానని ఒప్పుకున్నాను. పొద్దున కరెంటు పోయింది, వచ్చేసరికి పది. టెన్షన్‌లో పూర్ణం వేడివేడిగానే పెట్టి మడిచేశాను. ఓవెన్‌లోకి వెళ్లకముందే అడుగున వెన్న కరిగి, పిండి బజ్జీలు చుట్టిన కాగితంలా మెరుస్తోంది. అచ్చులో నుంచి తీస్తుంటే చేతికి పిండి, అచ్చుకు పూర్ణం. మా మరదలు గడుసుది. కాలినవన్నీ చిదిమి కప్పుల్లో వేసి, పైన వెనీలా ఐస్‌క్రీం పెట్టి 'మామిడి పుడ్డింగ్' అని వడ్డించింది. నలుగురు రెసిపీ అడిగారు. నేను ఇప్పటిదాకా చెప్పలేదు.

మీకు ఇంకో రెండు జాగ్రత్తలు. పూర్ణం పెట్టే ముందు పిండి మీద చిటికెడు రస్కు పొడి చల్లండి, మిగిలిన తడిని అది పీల్చుకుంటుంది. ఓవెన్‌ను 200 డిగ్రీల మీద పదిహేను నిమిషాలు వేడి చేసేటప్పుడు ఖాళీ ట్రే కూడా లోపలే, కింది అరలో ఉంచండి. కజ్జికాయలను బేకింగ్ కాగితం మీద సర్దుకుని, కాగితంతో సహా ఆ కాలిన ట్రే మీదికి జరపండి. పెట్టిన క్షణం నుంచే అడుగు కాలడం మొదలవుతుంది. ఇరవై, ఇరవై అయిదు నిమిషాలు చాలు.

పగిలిన మూడింటి సంగతి: ఒక్కోదానిలో ఒక పెద్ద స్పూను పూర్ణమే పట్టించాలి. పైన కత్తి మొనతో రెండు గాట్లు పెట్టాలి. లోపల పుట్టే ఆవిరికి దారి చూపకపోతే అది అంచుల్ని తన్నుకుని వస్తుంది. మా అమ్మ నూనెలో వేయించే కజ్జికాయలకు గాట్లు పెడితే ఇంట్లోంచి పంపేసేది. ఇక్కడ మాత్రం పెట్టాలి.

మేడం, మా నెల్లూరు ఎండలకు వెన్న చేతిలోనే నెయ్యి అయిపోతోంది. పిండి ముద్దగా వస్తోంది, కాలాక గట్టిగా మఠ్రీలా ఉంటోంది. డాల్డా వాడొచ్చా? ఇంట్లో గేదె నెయ్యి ఉంది, అది పోస్తే?
– ఒక పాఠకురాలు, నెల్లూరు

మే నెలలో మన వంటిల్లు వెన్నకు పొయ్యితో సమానం. ముప్పై డిగ్రీలు దాటితే వెన్న జారిపోవడం మొదలవుతుంది, మన చేతి వేడి దానికి తోడు. అందుకే నేను ఈ పిండిని తెల్లవారుజామున అయిదింటికి కలుపుతాను, పాలు రాకముందే. వెన్న ఒక్కటే కాదు, మైదా, గిన్నె కూడా ముందు రోజు రాత్రే ఫ్రిజ్‌లో పెడతాను. వెన్నను ఫ్రీజర్‌లో రాయిలా చేసి, క్యారెట్ తురిమే దానిమీద పిండిలోకే తురిమేస్తాను. చేతులతో నలిపే పని సగం తప్పుతుంది.

కొలత: 250 గ్రాముల మైదాకు 125 గ్రాముల వెన్న. సరిగ్గా సగం. ఉప్పు వెన్న అయితే వేరే ఉప్పు వద్దు. వేళ్ల కొసలతోనే కలపండి, అరచేయి తగలనీయొద్దు. అక్కడక్కడా బఠాణీ గింజంత వెన్న పలుకులు కనపడుతుండగానే ఆపి, ఐసు నీళ్లు స్పూను తర్వాత స్పూను, నాలుగైదు స్పూన్లు చల్లండి. పిడికిట్లో పడితే ముద్ద కట్టాలి, అంతే. మీది గట్టిగా వచ్చిందంటే చపాతీ పిండిలా పిసికి ఉంటారు. మైదాలో తడి తగిలి, పిసుకుడు పడితే సాగే గుణం వస్తుంది. పరోటాకు అది కావాలి, దీనికి వద్దు. అరగంట ఫ్రిజ్‌లో పెట్టి ఒత్తుకుంటే పద్నాలుగు కజ్జికాయల దాకా వస్తాయి.

డాల్డాతో పని సులువే, అంత తొందరగా కరగదు. 2022 నుంచి ఇలాంటి వాటిలో గుండెకు చేటు చేసే ట్రాన్స్‌ఫ్యాట్ అనే కొవ్వు నూటికి రెండు పాళ్లు దాటకూడదని రూలు కూడా వచ్చింది. అయినా నాకు నచ్చదు. తిన్నాక అంగిలికి మైనంలా అంటుకుని పోదు, మామిడి వాసనను మింగేస్తుంది.

నెయ్యితో పొరలు రావు. వెన్నలో నూటికి పదహారు పాళ్ల దాకా నీరే ఉంటుంది. ఓవెన్‌లో అది ఆవిరై పిండిని లేపి పొరలు విడదీస్తుంది. నెయ్యి కాచేటప్పుడే ఆ నీరు పోయింది కదా. నెయ్యితో చేస్తే నోట్లో గుల్లగా, నాన్‌ఖటాయిలా విరుగుతుంది. అదీ రుచే, కాదనను, కానీ మీరు అడిగింది అది కాదు. ఇంట్లో తీసిన వెన్నయితే రెండు మూడు చన్నీళ్లలో కడిగి, మజ్జిగ చుక్క లేకుండా గట్టిగా పిండి వాడండి. లేకపోతే నీళ్ల లెక్క తప్పుతుంది.

మా ఇంట్లో గుడ్డు రానివ్వరు. పైన మెరుపు రావాలంటే?
– ఒక పాఠకురాలు, పొదిలి

పాలలో ఒక స్పూను మీగడ, చిటికెడు చక్కెర కలిపి రాయండి. గుడ్డంత మెరవదు, రంగు మాత్రం చక్కగా వస్తుంది.

మైక్రోవేవ్‌లో అయిదు నిమిషాల్లో అయిపోతాయా?
– ఒక పాఠకుడు, మార్కాపురం

అవవు బాబూ. మామూలు మైక్రోవేవ్‌లో పెడితే ఉడికిన కుడుములు వస్తాయి. మీ దాంట్లో కన్వెక్షన్ అనే బటన్ ఉంటే అది నొక్కి 190 డిగ్రీల మీద కాల్చుకోండి.

అక్కయ్యగారూ, యాపిల్ కొని ఇవి చేయడం మా వల్ల కాదు. మామిడి సీజను అయిపోయాక మన పండ్లతో ఏం చేయొచ్చు?
– ఒక పాఠకురాలు, చీమకుర్తి

సీజను మొదలవ్వకముందు ఏం చేయొచ్చో కూడా చెబుతాను, మీరు అడగకపోయినా. మా మేనత్త రామాపట్నంలో పాస్టర్లకు చదువు చెప్పే సెమినరీలో ఉన్న అమెరికన్ దొరసాని ఇంట్లో వంట చేసేది. ఆవిడకు వాళ్ల ఊరి యాపిల్ పై మీద బెంగ. యాపిల్ ఎక్కడిది అప్పట్లో? మా అత్తే ఒకరోజు టెంక ముదరని పుల్ల మామిడికాయలు చెక్కు తీసి, పలచటి బిళ్లలు కోసి, చక్కెర, చిన్న దాల్చిన చెక్క ముక్క వేసి మగ్గబెట్టి పెట్టింది. దొరసాని తిని చాలాసేపు ఏమీ మాట్లాడలేదట. బాగాలేదేమోనని మా అత్త వంటింట్లో వణికిపోయిందట. తర్వాత ఖాళీ గిన్నె పట్టుకుని ఆవిడే వంటింట్లోకి వచ్చిందట. 400 గ్రాముల ముక్కలకు 150 గ్రాముల చక్కెర పడుతుంది. పులుపు ఎక్కువైతే కార్న్‌ఫ్లోర్ బిగువు తగ్గుతుంది, కాబట్టి అర స్పూను ఎక్కువ వేయండి.

సీజను అయ్యాక సపోటా ఉంది. ఉలవపాడు దగ్గర హైవే మీద బుట్టల్లో పెట్టి అమ్ముతారే, అవి. బాగా మగ్గిన వాటినే తీసుకోండి, కాస్త పచ్చిదైనా వగరు నాలుకను పట్టేస్తుంది. సపోటాకు రసం తక్కువ, కాబట్టి తడి బాధ లేదు. అయితే ఒట్టి సపోటా మరీ తియ్యగా, మొద్దుగా ఉంటుంది. గుప్పెడు పచ్చి కొబ్బరి కోరు, నిమ్మరసం కలిపితేనే నాకు సహించింది. జామకాయ గుజ్జు వడకట్టి దగ్గరికి ఉడికిస్తే అద్భుతం, గింజలు వడకట్టే ఓపిక ఉంటే. అరటిపండు వద్దు. నల్లబడి, చేసిన మనిషినే అవమానపరుస్తుంది.

మా వాడు చెన్నైలో హాస్టల్లో ఉంటాడు. ఆదివారం వాళ్ల బాబాయి పినాకిని ఎక్స్‌ప్రెస్ రైల్లో వెళ్తున్నాడు. ఇచ్చి పంపితే పాడవకుండా చేరతాయా?
– ఒక పాఠకురాలు, ఒంగోలు

చేరతాయి. పినాకిని మధ్యాహ్నానికల్లా చెన్నైలో దింపేస్తుంది. శనివారం సాయంత్రమే పిండి ఒత్తి, పూర్ణం పెట్టి, మడిచి, పచ్చివే ఫ్రీజర్‌లో పెట్టుకోండి. ఆదివారం తెల్లవారుజామున లేచి, కరిగించకుండా గడ్డగానే ఓవెన్‌లో పెట్టండి. అయిదారు నిమిషాలు ఎక్కువ పడుతుంది. తీశాక జల్లెడ మీద ఆరబెట్టండి, పళ్లెంలో వద్దు. పళ్లెంలో పెడితే అడుగున చెమట పట్టి, ఇంతసేపూ మనం పడ్డ పాట్లన్నీ వృథా. ఒళ్లు పూర్తిగా చల్లారేదాకా డబ్బా మూత పెట్టొద్దు. అడుగున కాగితం పరిచి, వరుసకీ వరుసకీ మధ్య ఇంకో కాగితం వేయండి. మామిడివయితే ఆ రోజే తినేయమని చెప్పండి, ఆ ఎండకు రెండో రోజు నమ్మలేం. రూమ్‌లో ఎంతమంది ఉంటారో ముందే ఫోన్ చేసి కనుక్కోండి, లేకపోతే మీ వాడికి ఒక్కటే మిగులుతుంది.